ఉప్పు తిన్న చేయి

ప్రభుత్వం జీతమిచ్చి పోషించే కళాకారుడు ఆ ప్రభుత్వాన్నే వేలెత్తి చూపగలడా? చూపితే దానిలో నిజాయితీ ఉంటుందా? ఉప్పు తిన్నవాడు నిజం చెప్పలేడని కొందరంటారు. చెప్పినా, అది ప్రభువులు సహించిన మేరకే గనుక విలువలేనిదని మరికొందరంటారు. బల్గేరియా కార్టూన్ చిత్రాలకు పితామహుడనిపించుకొన్న తోదోర్ దినోవ్ (1919–2004) కృషిని పరిశీలిస్తే ఈ రెండు సమాధానాలూ చాలవు.

బల్గేరియాలో సినిమా పరిశ్రమ 1948లోనే జాతీయమైంది. ఫిల్మూ, స్టూడియో, జీతమూ అన్నీ రాజ్యానివే. మాస్కోలో చదివివచ్చిన దినోవ్ పనిచేసింది ఆ వ్యవస్థలోనే. 1965లో అతడు ‘డెయిజీ’ తీశాడు. ఒళ్లంతా చతురస్రంగా ఉన్న ఒక పెద్దమనిషికి నేలమీద పూసిన ఒక చిన్న పువ్వు కంటగింపవుతుంది. దాన్ని నరకడానికి పనిముట్టు మీద పనిముట్టు తెస్తాడు. పువ్వు లొంగదు. చివరకు ఒక పసిపిల్ల చేయి చాపితే సునాయాసంగా ఆమెకు దక్కుతుంది. అంతే కథ.

ఆ పెద్దమనిషికి పేరు లేదు, పదవి లేదు. ‘వీడు నేను కాను’ అని ప్రతి అధికారీ తృప్తిపడే వీలుంది. దినోవ్‌కు అదే రక్షణ అని ఆక్షేపించవచ్చు. ఆక్షేపణలో నిజముంది. పేరుపెట్టి నిందించేవాడు తలకెత్తుకొనే ప్రమాదం ఇక్కడ లేదు; ఆ మేరకు సాహసమూ తక్కువే. కాని వ్యంగ్యాన్ని సాహసంతో మాత్రమే తూచరాదు. ఫలానా అధికారిని నిందిస్తే, అతడు బదిలీ కావడంతోనే ఆ నింద పాతబడుతుంది. చతురస్రపు మనిషినైతే ప్రేక్షకుడు తన కచేరీలోనూ, తన ఇంట్లోనూ, ఒక్కొక్కప్పుడు తనలోనూ పోల్చుకొంటాడు.

1969లో దినోవ్, హ్రిస్తో హ్రిస్తోవ్‌తో కలిసి నటీనటులతో ‘ఐకనోస్తాస్’ తీశాడు. దిమితర్ తాలెవ్ నవల దానికి ఆధారం. అందులో ఒక దారుశిల్పి చర్చికి చెక్కతెర చెక్కుతాడు. పని అప్పగించింది ఊరిపెద్దలు. ఉలి నడిచేది మాత్రం అతని ఊహను బట్టి. దినోవ్ తన సమస్యనే అక్కడ చూశాడని అనుకోవడం తప్పుకాదు.

కనుక కళాకారుణ్ణి ‘నీకు కూలి ఎవరిచ్చారు?’ అని అడిగి ఊరుకోరాదు. ఆ కూలి పుచ్చుకొన్న చేతితో ఎవరి కళ్లు తెరిపించావని కూడా అడగాలి. 1989లో జివ్‌కోవ్ పాలన కూలింది. చతురస్రపు పెద్దమనిషి కూలలేదు. ఈనాడు కూలి ఇచ్చేది మార్కెట్టు. దాని ఉప్పు తింటూ దాన్ని వేలెత్తి చూపేవారిని కూడా ఈ కొలతతోనే కొలవాలి.