మృతుని ధనము, బ్రతికినవారి ధర్మము

ఇంటిపెద్ద గతించిన పిదప పెద్దకర్మము ముగియకమునుపే కాగితముల పెట్టె తెఱచుట మన మధ్యతరగతి కుటుంబములకు క్రొత్త గాదు. పోయినవాడు ప్రభుత్వోద్యోగి యైనచో కలహము మఱింత త్వరగా పుట్టును. పొలమునకు గట్టున్నది, యింటికి గోడ యున్నది. ప్రావిడెంటు ఫండునకును పెన్షనుకును కంటికి గనబడు హద్దు లేదు. నామినీగా వ్రాసిన పేరే యా హద్దని పలువురు తలంతురు.

2022 వఱకు కృష్ణాజిల్లాలో నుండి, యిప్పుడు ఎన్.టి.ఆర్. జిల్లాలో చేరిన తిరువూరువంటి పట్టణమున నొక యుపాధ్యాయు డుండెననుకొందము. ఉద్యోగమున జేరిననాడు పెండ్లి కాలేదు గనుక తల్లిని నామినీగా వ్రాసెను. పిమ్మట పెండ్లియయ్యెను గాని కాగితము మార్చలేదు. సంతానము కలుగకమునుపే మరణించెను. "నా బిడ్డ నాకు వ్రాసినాడు" అని తల్లి యనును. "నా కిక దిక్కెవరు?" అని భార్య యనును. కోడలు పరాయిపిల్ల యని కొందఱు, ముసలిదానికి డబ్బెందుకని కొందఱు పక్షములు పట్టుదురు.

ఇట్టి వివాదమే 2009లో సుప్రీముకోర్టున తీరినది. పెండ్లికి ముందు తల్లిని నామినీగా వ్రాసిన యొక బ్యాంకు ఉద్యోగి సంతానము లేక మరణించెను. నామినీ సొమ్మును పుచ్చుకొనుటకే యధికారి గాని దానికి స్వామి కాజాలడని కోర్టు చెప్పి, ప్రావిడెంటు ఫండును తల్లికిని భార్యకును చెఱిసగము చేసెను. వీలునామా వ్రాయక పోయిన హిందువుని సొత్తులో తల్లికి, భార్యకు, కొడుకులకు, కూతుండ్రకు సమానభాగము లిచ్చిన 1956 నాటి వారసత్వచట్టమే దీనికి మూలము.

కుటుంబపెన్షను మార్గము వేఱు. ఒక రైల్వే ఉద్యోగి తన సొమ్మును సోదరునికి వీలునామా వ్రాసినను, కుటుంబపెన్షను మృతుని యాస్తిలోనిది కాదనియు, దానిని వీలునామాతో నొరులకు మరలింప వీలు లేదనియు 1991లో సుప్రీముకోర్టు తీర్పు చెప్పెను. ఆ రక్షణ భార్యకు దక్కినది.

ఇది దయాదానము గాదు. 1856 నాటి చట్టము వితంతువునకు పునర్వివాహము ననుమతించుచునే, పెండ్లాడినచో పూర్వభర్త యాస్తిపై హక్కును తీసివేసెను. వీరేశలింగముగారు 1881లో రాజమహేంద్రవరమున తొలి వితంతువివాహము జరిపించిన పిమ్మట, భర్త యాస్తిలో నామెకు కొడుకుతో సమానమైన భాగము దొరకుటకు 1937 వఱకు వేచియుండవలసివచ్చెను. అదియు జీవితకాలపు పరిమితహక్కే. ఇంత శ్రమకు దక్కినదానిని "కుటుంబము" అను పేర మఱుదులు సంతకము పెట్టించుకొని తీసికొనుట ధర్మము గాదు. అది పాత దౌర్జన్యమే.

ఐనను ప్రశ్న తీరలేదు. ఆ పెన్షను భార్యకే చెందునపుడు, కొడుకు జీతముపై బ్రతికిన తల్లి యే దారి పట్టవలెను? ఇచ్చట ధర్మము పలుకవలెను. మేమెంచు సూత్ర మొక్కటి: ఆ జీతము నెవరు తినిరో, ఆ జీతమునుండి పుట్టిన ధనమును వారి ఆకలి నెఱుగవలెను. మిగిలిన కొడుకులును కూతుండ్రును తమ వంతు మొదట మోయవలెను. కోడలు తన చేతికి వచ్చినదానిలో కొంత అత్తకు పంపినచో, అది యామె ఔదార్యమే గాక, భర్త చేయుచుండిన పనిని కొనసాగించుట యగును. కాని యది యామె మనస్సునుండి రావలెను. కులపెద్దల పంచాయతీ వలన గాదు. అట్లే నామినీ యైన తల్లియు, తన పేరున వచ్చిన సొమ్ములో కోడలి సగమును కోర్టుకు పోకయే యప్పగించుట యుచితము.

బ్రతికియున్నవాడు చేయవలసిన పని మఱి యొకటి గలదు. పెండ్లియైననాడు, బిడ్డ పుట్టిననాడు తన కాగితములను సరిచూచుకొని, యింటివారి కెఱిగింపవలెను. చావును తలంచుట అశుభమని యూరకుండుటచేత అశుభము తొలగదు. తల్లికిని భార్యకును వైరము మాత్రము మిగులును. వెనుకటివారికి గట్టులేని పొలమును విడిచిపోవుట ప్రేమ యనిపించుకొనదు.