మోడుకు నీళ్లు

బోధన్ చుట్టుపక్కల చెరుకు నరికాక చేను బోసిపోయి కనిపిస్తుంది. రైతు దిగులు పడడు. మోళ్లను నేలమట్టానికి చెక్కి నీళ్లు కడతాడు. కొన్నాళ్లకు పిలకలు లేస్తాయి. వేరు దగ్గర ఏం జరుగుతోందో చూడాలని రాత్రంతా గట్టు మీద కూర్చోడు కదా!

నేస్తమా, ఈ మధ్య మీకు నిద్ర పడుతోందా? తీరని అప్పు, ఒంట్లో నలత, పిల్లల చదువు. "రేపు నేను లేకపోతే వీళ్ల గతేంటి?" అని లోపల ఒకటే గుబులు. 2015లో బోధన్‌లోని శక్కర్‌నగర్ చక్కెర ఫ్యాక్టరీ మూతపడ్డప్పుడు ఎన్ని ఇళ్లు ఆ గుబులుతోనే తెల్లవార్చాయో! మీ మాట వినే దేవుడు అప్పుడూ మేలుకొనే ఉన్నాడు, ఇప్పుడూ ఉన్నాడు.

'నేను లేకపోతే' అన్న మాట విన్నప్పుడల్లా నాకు ఒకాయన గుర్తొస్తారు. హైదరాబాద్‌లో ఒక బడిపంతులు ఉండేవారు, సయ్యద్ అబ్దుల్ రహీం. అందరికీ రహీం సాబ్. 1950 నుంచి భారత ఫుట్‌బాల్ జట్టుకు శిక్షకులు. 1951లో ఢిల్లీ ఆసియా క్రీడల్లో బంగారు పతకం తెచ్చారు. మరుసటి ఏడాది హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో 10-1తో ఓడారు. అంత ఓటమి తర్వాత కూడా పని మానలేదు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో జట్టును సెమీఫైనల్ దాకా నడిపించారు.

నాకు ఆయనలో అన్నిటికన్నా నచ్చేది చిన్న సంగతి. అమ్ముగూడ పేద కుర్రాడు తులసీదాస్ బలరాం మైదానానికి రావడానికి సైకిల్ అద్దె డబ్బులు ఆయనే ఇచ్చేవారట. ఆ బలరామే 1962లో జకార్తా ఆసియా క్రీడల ఫైనల్ ఆడాడు. అప్పటికి రహీం సాబ్ ఒంట్లో క్యాన్సర్. స్టేడియం నిండా మనకు వ్యతిరేకంగా అరుపులు. తలకు కుట్లు పడ్డ డిఫెండర్ జర్నైల్ సింగ్‌ను ఆయన ముందు వరసలో ఆడించారు. అతనో గోల్, పీకే బెనర్జీ ఒక గోల్. దక్షిణ కొరియాపై 2-1తో గెలిచాం. 1963 జూన్ 11న రహీం సాబ్ కన్నుమూశారు.

ఆ తర్వాత మన జట్టుకు ఆసియా క్రీడల్లో మళ్లీ బంగారం రాలేదు. అంతా ఆయనతోనే పోయిందంటే మాత్రం నేను ఒప్పుకోను. 1970లో బ్యాంకాక్‌లో మన జట్టు కాంస్యం గెలిచినప్పుడు శిక్షకుల్లో ఒకరు ఆయన శిష్యుడు పీకే బెనర్జీయే. మన నిజామాబాద్ బిడ్డ గుగులోత్ సౌమ్య భారత మహిళల ఫుట్‌బాల్ జట్టుకు ఆడింది. ఆమెకూ ఎవరో ఒక గురువు మైదానంలో ఓపిగ్గా నేర్పే ఉంటారు. ఒకరి చేయి ఆగిన చోట దేవుడు ఇంకొకరి చేయి పెడతాడు. మీ పిల్లల విషయంలో పెట్టడా?

ఈ రాత్రి ఆ గుబులును ప్రార్థనలో దేవుడికి చెప్పేసి పడుకోండి. తెల్లారాక ఒక్క పని చేద్దాం. మీ గల్లీలో బస్సు చార్జీకో, బూట్లకో డబ్బుల్లేక ఆటకు దూరంగా నిలబడే పిల్లలు ఉంటారు. వాళ్లలో ఒకరిని పేరు పెట్టి పిలిచి, ఏం కావాలో అడగండి.