పీల్చే గాలిలో తోటివారి హక్కు

అనంత కరుణామయుడు, అపార కృపాశీలుడైన అల్లాహ్ మానవునికి ప్రసాదించిన అనుగ్రహాలు లెక్కకు మించినవి. వాటిలో కొన్నింటిని మనం డబ్బిచ్చి కొంటాము, కొన్నింటి కోసం చెమటోడుస్తాము. కాని అన్నిటికన్నా అత్యవసరమైన అనుగ్రహాన్ని ఆయన అడగకుండానే, వెల కట్టకుండానే ఇచ్చాడు. అదే గాలి. అన్నం లేకుండా కొన్ని వారాలు, నీళ్ళు లేకుండా కొన్ని రోజులు బతకవచ్చు. గాలి లేకుండా కొన్ని నిమిషాలైనా బతకలేము. ధనికునికీ పేదకూ, విశ్వాసికీ అవిశ్వాసికీ, మనిషికీ పశువుకూ గాలి ఒక్కటే. దాని చుట్టూ గోడ కట్టి 'ఇది నాది' అనగలిగినవాడు లేడు.

ఎవరి సొంతమూ కాదు కాబట్టే కాబోలు, దాన్ని పాడుచేసేటప్పుడు పరుల సొమ్ము పాడుచేస్తున్నామన్న భయం మనకు కలగదు. పొరుగింటి గోడ మీద ఉమ్మివేయడానికి సంకోచించే మనిషి, ఆ ఇంట్లోని పసిబిడ్డ ఊపిరిలోకి పొగ పంపడానికి సంకోచించడు. మనం ఆలోచించవలసిన ప్రశ్న ఇదే: వేలమంది చేతుల నుండి వెలువడే పొగలో, నా చేతి పొగకు నేను అల్లాహ్ ముందు జవాబు చెప్పుకోవాలా?

మన ఊళ్ళూ ఆ జాబితాలో ఉన్నాయి

వాయు కాలుష్యం అనగానే మనకు ఢిల్లీ గుర్తుకు వస్తుంది. సముద్రానికి దగ్గరగా, నాగావళి, వంశధార, చంపావతి నదుల నడుమ పచ్చని పొలాల మధ్య ఉన్నవారం, ఆ బెడద మనకెక్కడిదని అనుకుంటాము. వాస్తవం వేరు. కేంద్ర ప్రభుత్వం 2019 జనవరిలో జాతీయ స్వచ్ఛ వాయు కార్యక్రమాన్ని ప్రారంభించింది. గాలి నాణ్యతా ప్రమాణాలను ఏళ్ళ తరబడి అందుకోలేకపోయిన నగరాలు, పట్టణాలు ఇందులోకి వస్తాయి. దేశం మొత్తం మీద దాదాపు 130 ఊళ్ళున్న ఆ జాబితాలో ఆంధ్రప్రదేశ్ నుండి 13 ఉన్నాయి. విశాఖపట్నం, విజయవాడల సరసన శ్రీకాకుళం, విజయనగరం పేర్లు కూడా చేరాయి.

మన దేశంలో 2009లో నిర్ణయించిన ప్రమాణం ప్రకారం ఒక ఘనపు మీటరు గాలిలో 10 మైక్రాన్ల లోపు ధూళి ఏడాది సగటున 60 మైక్రోగ్రాములు, 2.5 మైక్రాన్ల లోపు ధూళి 40 మైక్రోగ్రాములు మించరాదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో సూచించిన హద్దులు ఇంకా తక్కువ: మొదటిదానికి 15, రెండవదానికి 5. మన పట్టణాలు మన దేశపు హద్దునే దాటాయి.

ఈ ధూళి, పొగ ఎక్కడివి? శ్రీకాకుళం ఏడు రోడ్ల కూడలిలోనో, విజయనగరం గంటస్తంభం దగ్గరో పదినిమిషాలు నిలబడితే సగం జవాబు దొరుకుతుంది. సరిగా మరమ్మతు లేని ఆటోలు, పాత లారీలు, బస్సులు నల్లపొగ చిమ్ముతుంటాయి. పట్టా కప్పకుండా ఇసుక, కంకర తీసుకుపోయే లారీల నుండి రోడ్డంతా ధూళి రాలుతుంది. వెనుక వచ్చే ప్రతి బండీ దాన్ని మళ్ళీ పైకి లేపుతుంది. కట్టడాల సిమెంటు, రైసుమిల్లుల బూడిద, హోటళ్ళ కట్టెల పొయ్యిలు దానికి తోడవుతాయి. వీటన్నిటితోపాటు వీధి చివర తగలబెట్టే చెత్త. అందులోని ప్లాస్టిక్ కాలినప్పుడు వెలువడేది మామూలు పొగ కాదు, విషం.

చలికాలంలో ఇది మరింత బాధిస్తుంది. రాత్రి నేల చల్లబడినప్పుడు దాన్ని ఆనుకున్న గాలి కూడా చల్లబడి బరువెక్కుతుంది. పైన ఉన్న వెచ్చని గాలి దానికి మూతలా పనిచేస్తుంది. పొగ పైకి పోలేక మనుషుల ముక్కు ఎత్తులోనే నిలిచిపోతుంది. ఫజ్ర్ నమాజుకు వెళ్ళేవారు వీధుల్లో చూసే తెల్లని తెర అంతా మంచే అనుకోవడం పొరపాటు.

2.5 మైక్రాన్ల ధూళి కణం మన వెంట్రుక మందంలో దాదాపు ముప్ఫయ్యో వంతు. ముక్కులోని వెంట్రుకలు దాన్ని ఆపలేవు. అది ఊపిరితిత్తుల లోతుకు, అక్కడి నుండి రక్తంలోకి చేరుతుంది. ఉబ్బసం, దీర్ఘకాలిక దగ్గు మాత్రమే కాదు, గుండెపోటు, పక్షవాతం, గర్భస్థ శిశువు బరువు తగ్గడం కూడా దీని ఫలితాలే. బయటి గాలి కాలుష్యం క్యాన్సర్‌కు కారణమని ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధనా సంస్థ 2013లో నిర్ధారించింది. బయటి గాలి, వంటింటి పొగ కలిసి ఏటా ప్రపంచంలో దాదాపు 70 లక్షల మందిని అకాలమరణం పాలు చేస్తున్నాయని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా. ముందుగా బలయ్యేది ఎవరు? పెద్దలకన్నా వేగంగా ఊపిరి తీసే పసిపిల్లలు, వృద్ధులు, గర్భిణులు, రోజంతా రోడ్డు మీదే బతుకు వెళ్ళదీసే తోపుడుబండి వ్యాపారి, ఆటో డ్రైవరు, వీధులూడ్చే కార్మికురాలు. పొగ చేసేవాడు ఒకడు, దగ్గేవాడు మరొకడు.

హాని ఏదైనా హానే

ఇస్లాం ధర్మశాస్త్రానికి పునాదిరాళ్ళ వంటి సూత్రాలలో ఒకటి ఇది: ఎవరికీ హాని తలపెట్టరాదు, హానికి బదులుగా హాని చేయరాదు. దైవప్రవక్త (స) వారి ఈ బోధన ఇబ్నెమాజా, ముఅత్తా గ్రంథాలలో ఉంది. దీని ఆధారంగానే పూర్వ ధర్మవేత్తలు స్నానశాలల పొగ గురించీ, రొట్టెల పొయ్యిల గురించీ, తోళ్ళు శుద్ధిచేసే చోట్ల దుర్వాసన గురించీ తీర్పులు చెప్పారు. 19వ శతాబ్దంలో ఉస్మానియా సామ్రాజ్యం కూర్చిన 'మజల్లా' న్యాయస్మృతిలో కూడా, పొయ్యి పొగ వల్ల పొరుగువాడు ఇంట్లో ఉండలేని స్థితి వస్తే ఆ హానిని తొలగించి తీరాలని ఉంది. తన స్థలంలో తాను పెట్టుకున్న పొయ్యి అయినా సరే! స్థలం తనదే, కాని పొగ వెళ్ళేచోటు తనది కాదు.

పచ్చి వెల్లుల్లి, ఉల్లి తిన్నవారు ఆ వాసనతో మస్జిదుకు రావద్దని మహాప్రవక్త (స) ఆదేశించారు. బుఖారీ, ముస్లిం గ్రంథాలలో ఈ హదీసు ఉంది. వెల్లుల్లి హలాల్ ఆహారమే. దాని వాసన కాసేపటికి పోతుంది, ఎవరి ప్రాణమూ తీయదు. అయినా తోటి నమాజీలకు ఇబ్బంది కలుగుతుందన్న కారణంగా, నమాజు వంటి మహత్తర ఆరాధన కోసం వచ్చేవాణ్ణి కూడా దూరంగా ఉండమన్నారు. మరి వీధి వీధంతా దగ్గించే ప్లాస్టిక్ పొగను గురించి ఆ కారుణ్యమూర్తి ఏమని ఉండేవారో మనమే ఊహించుకోవచ్చు.

మూడు సాకులు

ఈ మాట చెప్పినప్పుడల్లా మనకు వినిపించే సాకులు మూడు.

మొదటిది: "నా ఒక్కడి పొగతో లోకం పాడవుతుందా?" దీనికి జవాబు ఓడ హదీసులో ఉంది. ఒక ఓడలో కొందరికి పై అంతస్తు, కొందరికి కింది అంతస్తు వచ్చాయి. కిందివారు నీళ్ళకోసం మాటిమాటికీ పైకి వెళ్ళవలసి వచ్చేది. పైవారిని ఇబ్బంది పెట్టడమెందుకు, మన వంతు చోటులోనే చిన్న రంధ్రం చేసుకుందామనుకున్నారు. వారిని వదిలేస్తే అందరూ మునుగుతారు, చేయి పట్టి ఆపితే అందరూ గట్టెక్కుతారు అని దైవప్రవక్త (స) బోధించారు (బుఖారీ). గమనించండి, కిందివారి ఉద్దేశం చెడ్డది కాదు. చేసేది తమ చోటులోనే. రంధ్రం కూడా చిన్నదే. ఈ మూడూ నిజమే అయినా ఓడ మునగక మానదు. పైగా అణువంత మంచినీ, అణువంత చెడునూ ప్రళయదినాన మనిషి కళ్ళారా చూసుకుంటాడని సూరా జిల్‌జాల్ హెచ్చరిస్తోంది. అణువు లెక్కలోకి వచ్చేచోట 'నాది కొంచెమే' అన్న మాట చెల్లదు.

రెండవది: "పెద్ద పెద్ద ఫ్యాక్టరీలను వదిలి మా బండిని పట్టుకుంటారేం?" ఫ్యాక్టరీలను వదలమని ఎవరూ అనలేదు. పెద్ద పొగగొట్టాన్ని ఎదిరించిన చరిత్ర ఈ ప్రాంతానికి ఉంది. సోంపేట బీల భూముల్లో తలపెట్టిన థర్మల్ విద్యుత్ కేంద్రాన్ని రైతులు, మత్స్యకారులు వ్యతిరేకించారు. 2010 జూలై 14న పోలీసు కాల్పుల్లో ప్రాణాలు పోయాయి. అదే రోజు జాతీయ పర్యావరణ అప్పీలు అథారిటీ ఆ ప్రాజెక్టు అనుమతిని రద్దు చేసింది. పెద్దవారి తప్పును నిలదీయడం మన బాధ్యతే. అయితే ఒకరి పాపం మరొకరి పాపాన్ని కడగదు. ఎవరి భారం వారే మోయాలన్నది ఖుర్ఆన్ సూత్రం.

మూడవది: "ఆయుష్షు, ఆరోగ్యం అల్లాహ్ చేతిలో ఉన్నాయి, పొగ ఏం చేస్తుంది?" తఖ్దీరును నమ్మడం ఈమాన్‌లో భాగమే. కాని ఆ నమ్మకం హజ్రత్ ఉమర్ (రజి) వారికన్నా మనకు ఎక్కువా? సిరియా ప్రయాణంలో, ముందున్న ప్రాంతంలో ప్లేగు ప్రబలిందని తెలిసి ఆయన తన పరివారంతో వెనక్కి మళ్ళారు. దైవనిర్ణయం నుండి పారిపోతున్నారా అని అడిగినవారికి, ఒక దైవనిర్ణయం నుండి మరో దైవనిర్ణయం వైపే పోతున్నామని బదులిచ్చారు. పైగా తన ఊపిరి విషయంలో తఖ్దీరు మాట చెప్పుకోవచ్చునేమో గాని, ఇతరులకు హాని చేసి ఆ నేరాన్ని తఖ్దీరు మీదకు నెట్టడం తగదు.

క్షమాపణ ఎవరిని అడుగుతాము?

ఇక అసలు విషయానికి వద్దాము. పాపాలు రెండు రకాలు. అల్లాహ్ హక్కుల్లో చేసిన లోపాలు ఒక రకం. మనసారా పశ్చాత్తాపం చెందితే ఆయన క్షమిస్తాడు. దాసుల హక్కులను, అంటే హుఖూఖుల్ ఇబాద్‌ను కాలరాయడం రెండవ రకం. హక్కు పోగొట్టుకున్నవాడు క్షమిస్తేనే, లేదా వాని హక్కు వానికి ముడితేనే ఇది తీరుతుంది. నమాజులు, రోజాలు, జకాత్‌లు మూటగట్టుకొని వచ్చి, ఒకరిని తిట్టి, ఒకరి సొమ్ము తిని, ఒకరిని కొట్టి ఉన్నందువల్ల ఆ పుణ్యాలన్నీ బాధితులకు పంచిపెట్టవలసి వచ్చి, చివరికి వారి పాపాలు కూడా నెత్తిన వేసుకొని నరకానికి పోయే దివాలాకోరును గురించి దైవప్రవక్త (స) హెచ్చరించారు (ముస్లిం).

తిట్టినవాణ్ణి, కొట్టినవాణ్ణి వెదకి క్షమాపణ కోరవచ్చు. అప్పు ఎగ్గొట్టినవాడు వెళ్ళి తీర్చిరావచ్చు. మరి మన పొగ పీల్చినవారెవరు? వారి పేర్లు మనకు తెలియవు. వారి ఇల్లు ఎక్కడో తెలియదు. మనం తగలబెట్టిన చెత్త పొగకు ఆ రాత్రి ఏ ఇంట్లో ఏ తల్లి ఉబ్బసపు బిడ్డను ఒళ్ళో పెట్టుకొని తెల్లవార్లూ కూర్చుందో తెలియదు. తెలియనివాణ్ణి క్షమాపణ ఎలా అడుగుతాము? మనకు వారు తెలియకపోయినా, అల్లాహ్‌కు తెలుసు. ఆ రోజున వారూ మనలను గుర్తిస్తారు. తీర్చే దారి కానరాని అప్పు విషయంలో వివేకవంతుడు చేయగలిగినది ఒక్కటే: ఆ అప్పు చేయకుండా ఉండడం. కాలుష్యం విషయంలో మనం ముందే చేతులు కట్టుకోవలసింది అందుకే.

కడుపు కొట్టకుండానే

అయితే గాలి కోసం పేదవాని పొట్ట కొట్టమని ఇస్లాం చెప్పదు. ఒక హానిని అంతే హానితో తొలగించరాదన్నది కూడా ధర్మశాస్త్ర సూత్రమే. పలాస-కాశీబుగ్గనే చూడండి. అక్కడి జీడిపరిశ్రమ మీద ఎందరో శ్రామికులు, ముఖ్యంగా మహిళలు బతుకుతున్నారు. జీడిపిక్కల తొక్కలోని నూనె ఘాటైనది. పిక్కలను నేరుగా కాల్చినప్పుడు వచ్చే పొగ కళ్ళనూ గొంతునూ మండిస్తుంది. దానికి విరుగుడు పరిశ్రమను మూసివేయడం కాదు, కాల్చడానికి బదులు ఆవిరితో ఉడికించడం, బాయిలరులో తొక్కను కాల్చకుండా ఉండడం, పొగగొట్టానికి వడపోత అమర్చడం. ఖర్చు కొంత పెరుగుతుంది. ఆ ఖర్చు యజమాని భరించకపోతే, ఊరివాళ్ళు తమ ఊపిరితిత్తులతో భరిస్తున్నారన్న మాట.

మన ఇళ్ళలో చేయగలిగినవి ఎన్నో ఉన్నాయి. తడి చెత్త, పొడి చెత్త వేరుచేసి మునిసిపాలిటీ బండికి ఇవ్వాలి. ఒక్క కాగితం కూడా వీధిలో తగలబెట్టరాదు. బహిరంగంగా చెత్త కాల్చితే 5,000 రూపాయలు, పెద్ద ఎత్తున కాల్చితే 25,000 రూపాయలు జరిమానా అని జాతీయ హరిత ట్రిబ్యునల్ 2016 డిసెంబరులో ఆదేశించింది. జరిమానాకు భయపడేవాడికన్నా అల్లాహ్‌కు భయపడేవాడు ముందుండాలి. వలీమా విందు ముగిశాక ప్లాస్టిక్ గ్లాసులు, ప్లేట్లు ఫంక్షన్ హాలు వెనుక కుప్పపోసి కాల్చడం శుభకార్యం చివర చేసే అశుభం. పెళ్ళి ఊరేగింపులో, షబె బరాత్ రాత్రి కాల్చే టపాకాయలకు ధర్మంలో చోటు లేదు. అది దుబారా, దుబారా చేసేవారిని ఖుర్ఆన్ షైతాను సోదరులుగా పేర్కొన్నది.

బండికి సకాలంలో మరమ్మతు చేయించి, పొల్యూషన్ సర్టిఫికెట్టును డబ్బిచ్చి కాక పరీక్ష చేయించి తీసుకోవాలి. రైల్వే గేటు పడినప్పుడు, జుమా రోజున మస్జిదు ముందు ఎవరికోసమైనా ఆగినప్పుడు ఇంజను ఆపాలి. దగ్గరి మస్జిదుకు నడిచి వెళ్తే గాలికీ మేలు, వేసే ప్రతి అడుగుకూ పుణ్యమూ దక్కుతుంది. కట్టెల పొయ్యి మీదే వండుకునే పేద బంధువుకో, పొరుగింటి వితంతువుకో గ్యాసు కనెక్షన్ ఇప్పించడం శ్రేష్ఠమైన సదఖా.

దారిలో నుండి హానికరమైన వస్తువును తొలగించడం ఈమాన్‌లో ఒక శాఖ అని హదీసు బోధిస్తోంది. గాలి కూడా ఒక దారే, ప్రాణం వచ్చిపోయే దారి. మస్జిదు కమిటీలు తమ ఆవరణలో, వీధిలో వేప, కానుగ మొక్కలు నాటి పెంచవచ్చు. ఖతీబులు ఏడాదికి ఒక్క జుమా ప్రసంగమైనా ఈ విషయానికి కేటాయించవచ్చు. రోడ్లపై ధూళిని తడిపి ఊడ్పించమని, లారీలకు పట్టా కప్పించమని, చెత్త యార్డుకు నిప్పంటకుండా చూడమని హిందూ, క్రైస్తవ సోదరులతో కలిసి అధికారులకు వినతిపత్రం ఇవ్వడం మంచిని పెంచడంలో, చెడును ఆపడంలో భాగమే.

శ్రీకాకుళంలోని జామియా మసీదు 1641లో, కుతుబ్‌షాహీల కాలంలో కట్టినది. అక్కడ తొలి సజ్దా చేసినవారు మనకు మస్జిదుతో పాటు స్వచ్ఛమైన గాలిని కూడా వదిలి వెళ్ళారు. మన తరువాత అక్కడ సజ్దా చేయబోయే పిల్లలకు మనం ఏ గాలిని అప్పగించి పోతున్నాము?

ఇతరుల ఊపిరికి అడ్డుపడని జీవితాన్ని, తెలిసీ తెలియక కాలరాసిన హక్కుల నుండి విముక్తిని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక! ఆమీన్.