జొన్నమల్లె

ధ్యాన భాగము: లూకా 19:1–10



గడచిన వానకాలమున మేము సత్యవేడు దాపుననున్న ఒక పల్లెలో సాయంకాల ప్రార్థన ముగించుకొని గట్టు మీదుగా వచ్చుచుంటిమి. పశువుల మేతకై వేసిన కొద్దిపాటి జొన్నచేనిలో, పైరు మొదళ్లయొద్ద జానెడేసి మొక్కలు కనబడెను. సన్నని పచ్చని ఆకులు, తెల్లని చిన్న పూలు. చూచుటకు ముచ్చటగా నుండెను. మేము వంగి చూచుచుండగా ఆ చేని రైతు, "అయ్యగారూ, పూవని మురిసిపోవద్దండి. అది జొన్నమల్లె. అది పైకి అగుపడేటప్పటికే లోపల దాని పని అయిపోయుంటుంది" అనెను. ఆ మాట ఇంటివరకు మమ్మును వెంబడించెను.

నేడు మన వైపు జొన్న వేయువారు తక్కువ గనుక ఈ మొక్కను ఎరుగని యౌవనస్థులు అనేకులు. దాని విత్తనము ధూళివలె సన్ననిది. ఒక్క మొక్క వేలకొలది విత్తనములను రాల్చును. అవి పదేండ్లకు పైగా మంటిలో చావక పడియుండగలవు. వాన కురిసినంత మాత్రమున అవి మొలవవు. జొన్న, సజ్జ, చెరకు, లేక గట్టుమీది గడ్డి వేరు సమీపించి, ఆ వేరునుండి ఊరు పదార్థమొకటి తగిలినప్పుడే మొలచును. కొద్ది దినములలో ఆ వేరును పట్టుకొనెనా బ్రదుకును, లేనియెడల చచ్చును. పట్టుకొనిన పిమ్మట కొన్ని వారములు నేలక్రిందనే దాగి సారమును పీల్చును. నేల తడిగా నున్నను పైరు వాడి గిడసబారును. పైకి వచ్చిన తరువాత దానికి పచ్చని ఆకులు కలవు. ఎండలో తన ఆహారము తాను కొంత చేసికొనగలదు. అయినను పట్టిన వేరును విడువదు.

వేరునుండి ఊరు ఆ పదార్థమును శాస్త్రజ్ఞులు 1966లో ప్రత్తి వేళ్లనుండి తీసి గుర్తించిరి. శత్రువును లేపు దానిని వేరు ఏల విడుచును? దీనికి 2005లో జవాబు దొరికెను. సారములేని నేలలో ఆకలిగొనిన వేరు, తనకు భాస్వరమును తెచ్చి యిచ్చు మేలైన బూజును సహాయమునకు పిలుచుటకై దానిని విడుచునట. అది ఒక మొర. ఆ మొరను స్నేహితుడు వినును, దొంగయు వినును.

ప్రియులారా, మనుష్యుల మధ్యను ఇట్లే జరుగుచున్నది. ఇక్కడ మా తప్పిదమును మేము ఒప్పుకొనవలసియున్నది. మేమెరిగిన ఒక విశ్వాసి, అన్న చనిపోయినప్పుడు వదినె రెండు కయ్యలను "నేను చూచుకొందును" అని చేతికి తీసికొనెను. ఆమె కష్టములో మొరపెట్టినది నిజమే; అతడు వచ్చినదియు నిజమే. ఏండ్లు గడచెను. ఆమెకు ఏటా రెండు మూటలు, మిగిలినది అతనికి. అతనికి సొంత భూమి లేకపోలేదు. ఆరాధనలో వాక్యము చదువును, కోతపండుగనాడు అందరికంటె పెద్ద మూట తెచ్చును. ఆ మూట ఎవరి కయ్యలో పండినదో మేమెరుగుదుము. ఎరిగియు దానిమీద చేయి యుంచి ఆశీర్వదించితిమి. ఒక్కసారియైనను అడుగలేదు.

గురుగులను కోతవరకు ఎదుగనియ్యుడని ప్రభువు చెప్పలేదా అని కొందరందురు. ఆ ఉపమానములో పొలము లోకము; అక్కడ మనుష్యులను వేరుచేయుట దేవదూతల పని. మన హృదయమనెడి మడిలో కలుపు తీయుట మాత్రము మన పనియే. జక్కయ్య కోతకాలమువరకు కాచుకొనలేదు. ప్రభువు తన ఇంట అడుగుపెట్టిన దినముననే లేచి నిలిచి, సగము బీదలకు, అన్యాయముగా తీసికొనిన దానికి నాలుగంతలు ఇచ్చెదనని చెప్పెను. అతడు మేడి చెట్టు దిగినది కొంచెమే. పరుల వేళ్లను విడిచినది గొప్ప సంగతి.

ఆ రాత్రి తరువాత మేము ఆ సహోదరునియొద్దకు పోయి, మొదట మా పాపమును ఒప్పుకొంటిమి. అతడు చాలసేపు మాటాడలేదు. కొన్ని వారములకు కయ్యలను వదినెకు అప్పగించెను. "అయ్యగారూ, మన పత్రికలో రాయండి, పేరు మాత్రం వద్దు" అని తానే చెప్పెను. అయితే ఆమె కుమారుడు ఎప్పుడో చదువు మాని కూలికి పోయియున్నాడు. ఆ యేండ్లు తిరిగి రావు.

రైతు చెప్పినది ఇదే. జొన్నమల్లె కనబడిన తరువాత పీకినను ఈ యేటి పైరుకు కలిగిన నష్టము తీరదు. అయినను పూవు గింజకట్టక ముందే పీకవలెను, ఏలయనగా రాబోవు పంటలు మిగులును. 1956లో అమెరికాలోని కరోలినా రాష్ట్రముల మొక్కజొన్న చేలలో ఇది కనబడగా, దానిని తుడిచివేయుటకు ఆ ప్రభుత్వము దశాబ్దములు పాటుపడవలసివచ్చెను. తండ్రి రాలనిచ్చిన గింజను బిడ్డలు ఏరవలెను. నేడు ఈ యింటికి రక్షణ వచ్చియున్నదని ప్రభువు జక్కయ్యను గూర్చి చెప్పినప్పుడు, అతనిని మాత్రమే కాక ఆ యింటిని జ్ఞాపకము చేసికొనెను.

మరియొక మాట. రైతులు జొన్న తరువాత అలసందలో చెనిక్కాయలో వేసి, ఎరువు తోలి, నేలకు బలమిత్తురు. ఆ పైరుల వేళ్లు కూడ ఈ విత్తనములలో కొన్నిటిని లేపును గాని పట్టు ఇయ్యవు; లేచినవి చచ్చును. నేల బలపడినకొలది వేరు మొర తగ్గును. సంఘమా, మన పేటలో విధవరాలి మొరను ఎవరు ముందుగా వినుచున్నారు? మనము విననియెడల దొంగ వినును.

ఈ మాసము ప్రతి యింటివారు రాత్రి ప్రార్థనయందు ఈ ప్రశ్న వేసికొనుడి: మన అన్నములో ఎవరి కయ్య సారమున్నది? ఉన్నయెడల, పూవు చూచి మురియక, పీకుడి. నశించినదానిని వెదకి రక్షించుటకు వచ్చిన ప్రభువు మీ యింట బసచేయును గాక. ఆమేన్.