కథ తెలిసీ అడవికి నడిచిన సీతమ్మ

 

కర్మ మీద పోయిన వారం చేసిన వీడియో చూసి, ఒక తమ్ముడు ఉస్మానియా క్యాంపస్‌లో ఆర్ట్స్ కాలేజీ మెట్ల దగ్గర నన్ను కలిశాడు. తార్నాకలో రూమ్ తీసుకుని గ్రూప్స్‌కి ప్రిపేర్ అవుతున్నాడు. రెండుసార్లు పోయింది. వాళ్ల నాన్న ఫోన్ చేస్తుంటే ఇరవై రోజులుగా ఎత్తట్లేదట.

"అన్నా, అంతా నుదుటన రాసే ఉంటే నేను చేసేదేముంది? ఎవరో రాసిన కథలో నేనొక క్యారెక్టర్‌ని, అంతే కదా?" అన్నాడు.

తాను కథలో ఉన్నానని తెలిసిన ఒక పాత్ర గురించి చెప్తా విను అన్నాను.

అధ్యాత్మ రామాయణం, అయోధ్యాకాండ. రాముడు వనవాసానికి బయల్దేరుతున్నాడు. అడవిలో రాక్షసులుంటారు, క్రూరమృగాలుంటాయి, నువ్వు రావద్దంటాడు. సీతమ్మ ఎన్ని విధాలుగానో బతిమాలుతుంది. చివరికి అడుగుతుంది: పెద్దల నోట ఎన్నో రామాయణాలు విన్నాం కదా, సీత లేకుండా రాముడు అడవికి వెళ్లిన రామాయణం ఒక్కటైనా ఉందా అని! ఇక రాముడు సరే రమ్మంటాడు.

ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. అన్ని రామాయణాలూ విన్న తల్లికి ముందు రావణుడున్నాడని, లంక ఉందని తెలియదా? తెలిసే, నన్ను వదిలి వెళ్తే ప్రాణాలు విడుస్తానంది. మనం రాతను చేతులు ముడుచుకు కూర్చోడానికి సాకుగా వాడతాం. అమ్మ అదే రాతను తన నిర్ణయానికి సాక్ష్యంగా తెచ్చుకుంది.

"మరి ఆవిడకు కష్టాలు తప్పలేదు కదా అన్నా?"

తప్పలేదు. కోరి నడిచినంత మాత్రాన దారిలో ముళ్లు పోవు. కానీ వాల్మీకి సుందరకాండలో, రావణుడికీ తనకీ మధ్య గడ్డిపోచ పెట్టి మాట్లాడిన ధైర్యం ఉంది చూశారా, అది అయోధ్య గడప దాటిన అడుగులోనే ఉంది.

గీత 18వ అధ్యాయమూ ఇదే చెబుతుంది. యంత్రం మీద ఎక్కించినట్టు ప్రాణులన్నిటినీ ఈశ్వరుడే తిప్పుతున్నాడని 61వ శ్లోకంలో కృష్ణుడు అంటాడు. రెండు శ్లోకాలు దాటగానే, 63లో, బాగా ఆలోచించుకుని నీకు నచ్చినట్టు చెయ్యమంటాడు. తిప్పేవాడే ఎంచుకోమంటున్నాడు! రిజల్ట్ మన చేతిలో లేదు. నాన్న ఫోన్ ఎత్తడం ఉంది.

మాట్లాడుకుంటూ తార్నాక దాకా నడిచాం. మెట్రో స్టేషన్ కింద ఆగి, తనే నాన్నకు ఫోన్ కలిపాడు. మళ్లీ పరీక్ష రాస్తాడా, ఊరికి వెళ్తాడా అన్నది తనే తేల్చుకోవాలి.

"రాసిపెట్టి ఉంటే అదే అవుతుందిలే" అని మీరు పక్కన పెట్టేసిన పని ఏదో ఒకటి ఉంటుంది. ఈ రాత్రి దాన్ని ఒకసారి బయటికి తీయండి.

జై సీతారామ్!