ఇంటి అప్పు వెల ఎవరు చెల్లిస్తారు?



సొంత ఇల్లు కావాలని కోరుకోవడం పాపం కాదు. ఈ మాట ముందే చెప్పుకుందాం. అప్పు గురించి సంఘంలో ఎవరు నోరు విప్పినా వినేవారికి గద్దింపులా అనిపిస్తుంది. ఇక్కడ నేను గద్దించడానికి రాలేదు. మీతో కలిసి ఒక ప్రశ్న ఆలోచించాలని మాత్రమే నా కోరిక. ఇంటి అప్పు పత్రం మీద సంతకం పెట్టేటప్పుడు మనం నిజంగా ఏమి ఇచ్చేస్తున్నాం? అలా ఇచ్చేది అంతా మనదేనా?

ఇల్లు లేనివారి బాధ మనకు తెలియనిది కాదు

బటాంగ్ బెర్జుంటై పేరు 2007లో బెస్తారి జయగా మారింది. అయినా పాతవారి నోట పాత పేరే పలుకుతుంది. ఆ ఊరి దగ్గరి తెన్నమారం తోటలోనే 1917లో హెన్రీ ఫోకోన్యే అనే ఫ్రెంచి దొర మలయాలో మొట్టమొదటిసారిగా వ్యాపారం కోసం ఆయిల్ పామ్ తోట వేశాడు. రబ్బరు, పామాయిలు తోటలే ఆ ప్రాంతానికి అన్నం పెట్టాయి. తోటల్లో పనిచేసినవారు లైన్ ఇళ్ళలో ఉండేవారు. పనితోపాటు ఇల్లు వచ్చేది, పని పోతే ఇల్లూ పోయేది. నలభై ఏళ్ళు చెట్లు గీసిన మనిషి పని మానిన రోజున సామాను ఎక్కడ దించాలో తెలియక నిలబడేవాడు. మేరీ, నైజెల్ గార్డ్నర్, సుంగై తింగి, మిన్యాక్, బుకిట్ తగార్ తోటల కుటుంబాలు సొంత ఇంటి కోసం ఏళ్ళ తరబడి పోరాడవలసి వచ్చిన సంగతి ఆ చుట్టుపక్కల అందరికీ తెలుసు.

విశాఖపట్నం, శ్రీకాకుళం వైపు నుండి ఓడలెక్కి వచ్చిన మన పెద్దలలో చాలామంది ఇలాగే బ్రతికారు. వారి మనుమలు ఈ రోజు బ్యాంకుకు వెళ్ళి ఇంటి అప్పు అడుగుతుంటే, ఆ కోరిక వెనుక మూడు తరాల కన్నీరు ఉంది. దానిని లోకాశ అని కొట్టిపారేయడం న్యాయం కాదు. అయితే కోరిక న్యాయమైనదైనంత మాత్రాన లెక్క చూడకుండా సంతకం పెట్టవచ్చని కాదు. ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అని మన పెద్దలు ఊరికే అనలేదు.

కాగితం మీది లెక్క

ఒక ఉదాహరణ తీసుకుందాం. 3 లక్షల రింగిట్ల అప్పు, 4 శాతం వడ్డీ, 35 సంవత్సరాల గడువు. మలేసియాలో ఇంటి అప్పు గడువు 35 సంవత్సరాలు మించకూడదని బ్యాంక్ నెగారా 2013లో నియమం పెట్టింది. నెలసరి వాయిదా తక్కువగా కనబడుతుందని చాలామంది ఆ పూర్తి గడువునే ఎంచుకుంటారు.

నెలకు సుమారు 1,328 రింగిట్లు కట్టాలి. చివరి వాయిదా కట్టేసరికి మొత్తం 5 లక్షల 58 వేలు అవుతుంది. అంటే వడ్డీ 2 లక్షల 58 వేలు. మొదటి నెల కట్టిన 1,328లో 1,000 వడ్డీకే పోతుంది, అసలులో తగ్గేది 328 మాత్రమే. పది సంవత్సరాలు ఒక్క నెల కూడా తప్పకుండా కడితే 1 లక్షా 59 వేలు కట్టినట్టు. కాని అసలులో తీరేది 48 వేలే. సగం అప్పు తీరడానికి 23 సంవత్సరాలు పడుతుంది.

అదే అప్పును 25 సంవత్సరాలకు తీసుకుంటే నెలకు 1,584 కట్టాలి. నెలకు 255 ఎక్కువే. కాని మొత్తం మీద సుమారు 83 వేల రింగిట్లు మిగులుతాయి.

వడ్డీ అక్కడే నిలిచి ఉండదు. అమెరికాలో ఉన్న మనవారికి 30 సంవత్సరాలు మారని వడ్డీతో అప్పు దొరుకుతుంది. మలేసియాలో చాలా ఇంటి అప్పులు ఓపీఆర్‌తోపాటు ఎక్కుతూ దిగుతూ ఉంటాయి. 2020 జూలైలో ఓపీఆర్ 1.75 శాతం. 2022 మే నుండి మెట్టు మెట్టుగా ఎక్కి 2023 మేలో 3 శాతానికి చేరింది. 2025 జూలైలో 2.75కి దిగింది. మన ఉదాహరణలో వడ్డీ మొదటి నుండి 5 శాతం అయి ఉంటే వాయిదా 1,514, మొత్తం 6 లక్షల 36 వేలు అయ్యేది. వీటికి తోడు స్టాంపు రుసుము, వకీలు ఫీజు, భీమా, చుకాయ్ పింతు, మరమ్మతులు ఉండనే ఉన్నాయి.

గోపురం కట్టదలచినవాడు ముందు కూర్చుని ఖర్చు లెక్కచూసుకోవాలని ప్రభువు లూకా 14లో చెప్పాడు. ఆయన చెప్పింది శిష్యత్వం గురించే. అయినా ఆ పోలిక పట్టుకున్నది మన ఇంటి లెక్కలోనుండే. అక్కడ ఆయన వాడిన చిన్న మాటను గమనించండి: కూర్చుని. ఏజెంటు పక్కన నిలబడి, ఈ రోజే బుకింగ్ అంటున్నప్పుడు లెక్క కుదరదు.

అమ్ముడుపోయేది సంవత్సరాలు

లేవీయకాండము 25లో భూమి అమ్మకానికి దేవుడు ఒక నియమం ఇచ్చాడు. సునాద సంవత్సరానికి ఇంకా ఎన్ని సంవత్సరాలు ఉన్నాయో లెక్కించి, దాన్నిబట్టి వెల కట్టాలి. ఎక్కువ సంవత్సరాలు ఉంటే ఎక్కువ వెల, తక్కువ ఉంటే తక్కువ. నిజానికి అక్కడ చేతులు మారేది నేల కాదు, పంటల లెక్క. ఆ పంటల సంవత్సరాలను చూడకుండా వెల చెప్పడం ఒకరినొకరు బాధపెట్టడమేనని ఆ అధ్యాయం మనకు నేర్పుతుంది.

ఈ కొలతతో మన అప్పును కొలిచి చూడండి. నెలకు 4,000 రింగిట్లు తెచ్చే కుటుంబానికి 2 లక్షల 58 వేల వడ్డీ అంటే 64 నెలల పూర్తి జీతం. అయిదేళ్ళకు పైగా పొద్దున లేచి పనికి వెళ్ళి, ఒక్క గింజ కూడా ఇంటికి తేకుండా వడ్డీకే ఇచ్చినట్టు. మనం బ్యాంకుకు తాకట్టు పెట్టేది ఇల్లు ఒక్కటే కాదు, మన సంవత్సరాలు కూడా.

ఇక్కడే అసలు ప్రశ్న వస్తుంది. ఆ సంవత్సరాలు ఎవరివి?

సంతకం పెట్టనివారు

మొదటివాడు, ముసలితనంలోని మీరే. 35వ ఏట 35 సంవత్సరాల అప్పు తీసుకుంటే అది 70వ ఏట తీరుతుంది. ఉద్యోగ విరమణ 60 దగ్గర అనుకుందాం. అప్పటికి మన ఉదాహరణలో ఇంకా 1 లక్షా 31 వేలు బాకీ ఉంటుంది. కాళ్ళ నొప్పులతో, మందుల సంచితో ఉన్న ఆ మనిషిని మనం ఏమీ అడగలేదు. ఈపీఎఫ్ నుండి ఇంటికోసం తీసే డబ్బు కూడా అతని అన్నంలోనిదే. తీయడం తప్పని నేననను. ఎవరి పళ్ళెంలోనుండి తీస్తున్నామో తెలిసి తీయాలి.

రెండవవారు మన పిల్లలు. తండ్రికి 55 దాటితే బ్యాంకు ఎక్కువ గడువు ఇవ్వదు. అప్పుడు ఇరవై నాలుగేళ్ళ కొడుకు పేరు మీదనో, కూతురు పేరు మీదనో అప్పు తీసుకుంటారు. ఇది మన కుటుంబాల్లో మామూలే, ప్రేమతోనే జరుగుతుంది. తరువాత ఆ బిడ్డకు పెళ్ళై తన సంసారానికి ఇల్లు కావలసి వచ్చినప్పుడు బ్యాంకు పాత అప్పును చూపించి వెనక్కి పంపుతుంది. తల్లిదండ్రులను సన్మానించమన్న ఆజ్ఞ వినే పెరిగిన బిడ్డ, నాన్న అడిగితే కాదనగలడా? కాదనే స్వేచ్ఛ లేనివాని చేత చేయించిన వాగ్దానానికి మనమే జవాబుదారులం.

మూడవది ఇంట్లోవారి కాలం. చవకగా దొరికిందని ఊరికి దూరంగా ఇల్లు కొంటాం. రోజుకు రెండు గంటలు రోడ్డు మీద గడిస్తే, వారానికి అయిదు రోజుల చొప్పున, సెలవులు పోగా ఏడాదిలో సుమారు 480 గంటలు, అంటే 20 పూర్తి పగళ్ళూ రాత్రులూ. వాయిదా కోసం ఓవర్‌టైం, దానివల్ల ఆదివారం ఆరాధన తప్పడం, పిల్లవాడు నిద్రపోయాక ఇంటికి చేరడం. ఇవేవీ బ్యాంకు కాగితంలో ఉండవు.

నెహెమ్యా 5లో వినిపించిన మొర ఇదే. కరవులో జనులు పొలాలు, ద్రాక్షతోటలు, ఇళ్ళు కుదువపెట్టారు. కాని వారు గోడు వెళ్ళబోసుకున్నది ఇళ్ళ గురించి మాత్రమే కాదు. తమ కుమారులు, కుమార్తెలు దాస్యంలోకి పోతున్నారని, విడిపించడానికి తమ చేతిలో ఏమీ లేదని ఏడ్చారు. అప్పు పెద్దలది, భారం పిల్లలది. నెహెమ్యా కోపపడ్డాడు, తనలో తాను ఆలోచించుకున్నాడు, తరువాతనే మాట్లాడాడు. అంతేకాదు, తానూ తనవారూ కూడా అప్పిచ్చినవారమేనని దాచకుండా చెప్పి, అందరితోపాటు తానూ వదులుకోవడానికి సిద్ధపడ్డాడు.

అయితే అద్దెకే ఉండాలా?

మీరు అడిగే మాట న్యాయమైనదే. అద్దె ఇంట్లో ఉన్నా 35 సంవత్సరాలు డబ్బు పోతుంది, చివరకు ఒక ఇటుక కూడా మనది కాదు. ధరలు పెరిగే కొద్దీ చివరి వాయిదాలు మొదటివాటంత బరువుగా ఉండవు, అద్దె మాత్రం పెరుగుతూనే ఉంటుంది. ఇవి నిజాలే. కాబట్టి పోల్చేటప్పుడు సరిగా పోల్చండి. ఒక పక్క అద్దె పెట్టండి. మరో పక్క వడ్డీ, పన్నులు, భీమా, మరమ్మతులు కలిపి పెట్టండి. ఇంటి ధర పెరిగిందని సంతోషపడేముందు, అందులోనే కాపురం ఉంటే ఆ పెరుగుదల అమ్మినప్పుడే చేతికి వస్తుందని, అప్పుడు కొనవలసిన ఇంకో ఇల్లు కూడా పెరిగే ఉంటుందని గుర్తుంచుకోండి.

మరొకరు యాకోబు పత్రిక 4వ అధ్యాయం ఎత్తి చూపవచ్చు. రేపు ఏమి జరుగుతుందో తెలియని మనం 35 సంవత్సరాల మాట ఇవ్వవచ్చా? రేపటి మీద మాట ఇవ్వడమే తప్పయితే పెళ్ళి కూడా చేసుకోలేము, విత్తనం కూడా చల్లలేము. ప్రభువు చిత్తమైతే అనే మాట నోట ఉంచుకొని అడుగు వేయమని యాకోబు చెప్పాడు. పెళ్ళిలో మాట ఇచ్చే ఇద్దరూ తమకు తామే ఇస్తారు, దేనికి కట్టుబడుతున్నారో విని ఇస్తారు. అప్పులో కూడా భారం మోయవలసినవారందరికీ ఆ మర్యాద దక్కాలి. నాకు తోచినంతలో విశ్వాసికి అప్పు దోషం కాదు. మోసేవారికి తెలియకుండా భారం ఎత్తడమే దోషం.

కాబట్టి సంతకానికి ముందు కొన్ని పనులు చేయండి. అప్పు వివరాల పత్రంలో మొత్తం ఎంత చెల్లించాలో అడిగి చూడండి. 60 ఏట ఎంత బాకీ ఉంటుందో రాయించుకోండి. వడ్డీ ఒక శాతం పెరిగితే తట్టుకోగలరా చూసుకోండి. వీలైతే నెలకు 100 రింగిట్లు అదనంగా కట్టండి, అది అసలుకు జమ అవుతుందని ముందే ఖాయం చేసుకోండి. మన ఉదాహరణలో ఆ వంద రింగిట్లు దాదాపు అయిదు సంవత్సరాలు తగ్గిస్తాయి, 40 వేలకు పైగా మిగులుస్తాయి. ఆ అయిదేళ్ళు మళ్ళీ మీవి. ఎవరికైనా హామీ ఉండమంటే సామెతలు 6 చదివి ఆలోచించండి. 2017లో మారిన చట్టం ప్రకారం, సొంత కాపురం ఇంటి అప్పుకు లాభాపేక్ష లేకుండా హామీ ఉన్నవారిని బ్యాంకు దివాలా తీయించలేదు, కాని బాకీ బాధ్యత మాత్రం పోదు. వాయిదాలు తప్పుతున్నట్లయితే దాచుకోకండి. బ్యాంక్ నెగారా 2006లో పెట్టిన ఏకేపీకే ఉచితంగా సలహా ఇస్తుంది.

అన్నిటికంటే ముందు భార్యను, భర్తను, సంపాదించే వయసు బిడ్డలను కూర్చోబెట్టి ఈ లెక్క చూపండి. కాదనడానికి వారికి చోటు ఇవ్వండి. కాదన్న బిడ్డను అవిధేయుడు అనకండి.

సంఘానికి ఒక మాట

గృహ ప్రతిష్ఠ కూటాల్లో మనం పాడతాం, భోంచేస్తాం, దేవుడు ఈ కుటుంబాన్ని ఆశీర్వదించాడని సాక్ష్యం చెబుతాం. అది మంచిదే. కాని అదే గదిలో అద్దె ఇంటివారు, ఇంకా లైన్ ఇంట్లోనే ఉన్నవారు వెనుక వరుసలో కూర్చుని ఉంటారు. ఇల్లే ఆశీర్వాదానికి గుర్తు అని మనం చెప్పినట్టయితే, తలవాల్చుకోవడానికి చోటు లేదన్న ప్రభువును ఏ వరుసలో కూర్చోబెడతాం? ముందు తీసుకో తమ్ముడూ, దేవుడే చూసుకుంటాడు అని తోసేది చాలాసార్లు మనమే. వాయిదా తప్పిన నెల ఆ ఇంటికి వెళ్ళేవారు మాత్రం తక్కువ.

మన సంఘాల్లో ఇంటి అప్పు తీర్చి ముగించిన పెద్దలు ఉన్నారు. ఎంత తీసుకున్నారో, ఎంత కట్టారో, ఏ సంవత్సరాలు ఎలా గడిచాయో వారు యౌవనస్థుల కూటంలో ఒక సాయంత్రం అంకెలతో సహా చెబితే, అది ఎన్నో ప్రసంగాలంత మేలు చేస్తుంది. ఈ నెల కూటంలోనే ఒక పెద్దను అడిగి చూడండి.

ఇల్లు కొనబోయేవారికి ప్రభువు జ్ఞానాన్ని, వాయిదాలు మోస్తున్నవారికి బలాన్ని, ఇల్లు లేనివారికి నీడను దయచేయును గాక. ఆమేన్.