భాష మనిషిదా, జాతిదా? మలేషియా అనుభవం

మలేషియా రాజ్యాంగం 160వ అధికరణం ‘మలయ్’ అంటే ఎవరో నిర్వచించింది. పుట్టుక, నివాసాల షరతులతో పాటు ఇస్లాంను అనుసరించాలి, మలయ్ భాషను అలవాటుగా మాట్లాడాలి, మలయ్ ఆచారాలను పాటించాలి. జాతికి భాషను లక్షణంగా చట్టంలోనే రాసుకున్న దేశాలు అరుదు. అక్కడ భాష గురించి ఎవరు నోరు విప్పినా అది జాతి తగాదాగా మారడానికి మూలం చాలావరకు ఇక్కడే ఉంది.

భాషా హక్కు గురించి తత్వవేత్తలకు ఒక పాత చిక్కు ఉంది. ఎవరి భాష వాళ్లు మాట్లాడుకోనిస్తే చాలు, ప్రభుత్వం తటస్థంగా ఉండవచ్చని ఉదారవాదుల్లో ఒక పక్షం అంటుంది. కెనడా తత్వవేత్త విల్ కిమ్లికా దీనిని ఒప్పుకోడు. ఏ మతాన్నీ తనదనకుండా రాజ్యం నడవగలదు గానీ, ఏదో ఒక భాష ఎంచుకోకుండా కోర్టు తీర్పు చెప్పలేదు, బడి పాఠం చెప్పలేదు. ఎంచుకోక తప్పనప్పుడు, ఎంపిక కాని భాషల వారికి రాజ్యం ఏదో బాకీ పడుతుంది. ఆ బాకీ ఎంత, ఎవరికి చెల్లించాలి అన్న దగ్గరే పేచీ.

మలేషియా (అప్పటికి మలయా) 1957లో రాజ్యాంగం 152వ అధికరణంతో జవాబు చెప్పింది. మలయ్ జాతీయ భాష. అధికారిక ప్రయోజనాలకు తప్ప, మరే భాషనైనా వాడడాన్ని, నేర్పడాన్ని, నేర్చుకోవడాన్ని ఎవరూ అడ్డుకోరాదు. ఇందులో మలయ్‌ల వాదాన్ని ఉత్త ఆధిపత్య కాంక్ష అని కొట్టిపారేయడం అన్యాయం. వలస పాలనలో పట్నంలో ఇంగ్లీషు బడి, పల్లెలో ప్రాథమిక స్థాయి దాటని మలయ్ బడి, చైనీయులు తామే కట్టుకున్న బడులు, రబ్బరు తోటల్లో తమిళ బడి ఉండేవి. జాతికో బడి, జాతికో వృత్తి. బర్మా, జావాలను చూసి బ్రిటిష్ వలస అధికారి, పండితుడు ఫర్నివాల్ వర్ణించిన సమాజం ఇలాంటిదే: జనం బజారులో కలుస్తారు, ఒకరిలో ఒకరు కలవరు. ఆ గోడలు కూలాలంటే అందరికీ ఒక భాష కావాలనడంలో న్యాయం ఉంది. కానీ ఆ ఉమ్మడి భాషే ఒక జాతికి గుర్తు కూడా కావడంతో, దానిని నేర్చుకోవడం మిగతావారికి లొంగుబాటులా తోచింది.

1961 విద్యా చట్టం చైనీస్, తమిళ ప్రాథమిక పాఠశాలలను మలయ్ మాధ్యమంలోకి మార్చే అధికారం మంత్రికి ఇచ్చింది. తమ బడులు మారిపోతాయన్న భయం 1996 చట్టం వచ్చేదాకా పోలేదు. 1969 మే 13 జాతి అల్లర్లలో అధికారిక లెక్క ప్రకారమే 196 మంది చనిపోయారు. ఆ తర్వాత జాతీయ భాషను, మలయ్‌ల ప్రత్యేక హోదాను ప్రశ్నించడం రాజద్రోహ చట్టం పరిధిలోకి వచ్చింది. 1987లో చైనీస్ బడుల్లో మాండరిన్ చదవని వారిని పై పదవుల్లో నియమించడంపై రగడ రేగింది. అది ముదిరిన రోజుల్లోనే ప్రభుత్వం వందమందికి పైగా వ్యక్తులను నిర్బంధించింది.

తాత్వికంగా పదునైన చర్చ కోర్టుల్లో నడిచింది. ఒక భాషను నేర్పడం వేరా, ఆ భాషలో లెక్కలూ సైన్సూ చెప్పడం వేరా? చైనీస్ మాధ్యమంలో మెర్డెకా విశ్వవిద్యాలయం పెట్టుకుంటామన్న కోరికను ఫెడరల్ కోర్టు 1982లో తోసిపుచ్చింది. విశ్వవిద్యాలయం ప్రజాధికార సంస్థ కాబట్టి అక్కడి బోధన అధికారిక ప్రయోజనమే అవుతుందని తేల్చింది. చైనీస్, తమిళ ప్రాథమిక బడులే రాజ్యాంగ విరుద్ధమని తర్వాత కొందరు కోర్టుకెక్కారు. 2021లో హైకోర్టు, 2023లో అప్పీలు కోర్టు ఆ వాదనను అంగీకరించలేదు.

అయితే ఈ పోరాటమంతా మలయ్, చైనీయ, భారతీయ అనే మూడు జాతుల లెక్కలోనే సాగింది. హక్కు జాతికి దక్కితే, జాతి లోపలి చిన్న భాషల మాటేమిటి? ఇంట్లో హొక్కియెన్, కాంటనీస్, హక్కా మాట్లాడే పిల్లలకు బడిలో మాండరిన్ ‘మాతృభాష’ అయింది. భారతీయుల భాష అంటే తమిళం. ఆంధ్ర తీరం నుంచి పెరాక్ వంటి చోట్ల తోటలకు వెళ్లిన తెలుగు కూలీల పిల్లలు, ఉన్న కొద్దిపాటి తెలుగు బడులు మూతపడ్డాక, ఎక్కువగా తమిళ బడులకే వెళ్లారు. తమిళులు దీనిని కుట్ర పన్ని చేయలేదు. ప్రభుత్వ పట్టికలో భారతీయులకు ఉన్నది ఒక్క గడే. 1955లో పుట్టిన మలేషియా తెలుగు సంఘం తెలుగు తరగతులు నడుపుతూ వచ్చినా, బడి చేయవలసిన పని సంఘం ఒక్కటీ పూర్తిగా చేయలేదు.

దీనికి విరుగుడుగా హక్కును జాతికి కాక, భాష మాట్లాడే మనిషికే ఇవ్వాలనే వాదం ఉంది. అదీ సులువు కాదు. ఒక్క కుటుంబం కోసం ఏ ప్రభుత్వమూ బడి పెట్టదు. భాష బతకడానికి మాట్లాడేవారి గుంపు కావాలి. కాబట్టి మనిషికి హక్కు ఉన్నా, దానిని వాడుకోవడానికి సంఖ్య కావాలి. ఎంతమంది ఉంటే తరగతి పెట్టాలన్న ప్రశ్న అప్పుడు తత్వం చేతిలోంచి జారి విద్యాశాఖ గుమాస్తా బల్ల మీదికి చేరుతుంది. మలేషియా చట్టం ప్రభుత్వ పాఠశాలల్లో చైనీస్, తమిళ పాఠాలకు పదిహేనుమంది పిల్లల తల్లిదండ్రులు అడగాలన్నది. ఆ వెసులుబాటు తెలుగుకు ఇచ్చినా, తోటలు అమ్ముడై కూలీలు పట్నాలకు చెదిరిపోయాక, ఒకే బడిలో అంతమంది తెలుగు పిల్లలు చేరడమే కష్టం.